లెమ్యూయల్ షా: చట్టం ఎక్కడ రాయాలో, ఎక్కడ ఆగాలో తానే తేల్చుకున్న జడ్జి

అమెరికా జడ్జీల మాట వస్తే మన చూపు నేరుగా వాషింగ్టన్‌లోని సుప్రీంకోర్టు మీదకే పోతుంది. 19వ శతాబ్దం మొదటి సగంలో మాత్రం సామాన్యుడి బతుకును తాకే చట్టం చాలావరకు రాష్ట్రాల కోర్టుల్లోనే తయారైంది. రైలు కింద చెయ్యి పోతే డబ్బు ఎవరు కట్టాలి, పనివాళ్లు సంఘం పెట్టుకుంటే నేరమా, ఏ పిల్ల ఏ బడికి వెళ్లాలి, ఇవన్నీ రాష్ట్ర జడ్జీల ముందుకే వచ్చేవి. ఆ తరంలో అందరికన్నా ఎక్కువ ముద్ర వేసిన రాష్ట్ర జడ్జీల్లో మసాచుసెట్స్ చీఫ్ జస్టిస్ లెమ్యూయల్ షా ఒకరు. 1830 నుంచి 1860 వరకు ముప్పయ్యేళ్లు ఆ కుర్చీలో ఉన్నారు. ఆయన రాసిన తీర్పులు రెండు వేలు దాటాయి.

ఆ తీర్పుల్ని వరసగా చదివితే మనిషి అంతు చిక్కడు. బూట్లు కుట్టే కార్మికుల సంఘాన్ని నేరారోపణ నుంచి బయటపడేసిందీ ఆయనే, అదే ఏడాది చెయ్యి పోగొట్టుకున్న రైలు డ్రైవర్‌కు పైసా రాకుండా చేసిందీ ఆయనే. ఒక బానిస పాపకు స్వేచ్ఛ ఇచ్చారు, పారిపోయి వచ్చిన మరో బానిసను వదలడానికి ఒప్పుకోలేదు. అభ్యుదయవాది అనో ఛాందసుడు అనో ముద్ర వేసి పక్కన పెట్టడం సులువే. దాని కన్నా పనికొచ్చే ప్రశ్న ఇంకొకటి ఉంది. ఏ కేసులో షా స్వయంగా కలం పట్టి కొత్త నియమం రాశారు? ఏ కేసులో ‘ఇది మా పని కాదు’ అని తప్పుకున్నారు? చట్టసభలోనూ కోర్టులోనూ పనిచేసిన మనిషి కాబట్టి, ఆ గీత ఎక్కడుందో ఆయనకు అందరికన్నా బాగా తెలిసి ఉండాలి.

షా 1781 జనవరి 9న కేప్ కాడ్ ప్రాంతంలోని వెస్ట్ బార్న్‌స్టబుల్‌లో పుట్టారు. తండ్రి ఓక్స్ షా ఆ ఊరి చర్చిలో పాస్టర్. 1800లో హార్వర్డ్‌లో డిగ్రీ అయ్యాక కొన్నాళ్లు బోస్టన్‌లో బడిపంతులుగా చేశారు. 1804లో లాయరయ్యారు. 1811లో రాష్ట్ర ప్రతినిధుల సభకు ఎన్నికై, ఆ తర్వాతి ఇరవై ఏళ్లలో పలుమార్లు అక్కడికి వెళ్లారు. 1821, 1822 సంవత్సరాల్లో సెనేట్‌లో ఉన్నారు. 1820లో రాష్ట్ర రాజ్యాంగాన్ని సవరించడానికి కూర్చున్న సభలో సభ్యులు. వీటితో పాటు ఊళ్లో అగ్నిమాపక వార్డెన్, స్కూల్ కమిటీ సభ్యుడు లాంటి చిన్నాచితకా బాధ్యతలూ మోశారు.

చట్టసభ రోజుల్లో ఆయన చేసిన వాటిలో నిలిచిపోయిన పని బోస్టన్ నగర చార్టర్, అంటే నగర పాలన ఎలా సాగాలో చెప్పే మూల పత్రం. 1820 నాటికే బోస్టన్ జనాభా 43 వేలు దాటింది. అయినా పాలన మాత్రం పాత పల్లెటూరి పద్ధతిలోనే నడిచేది. ఓటున్న మగవాళ్లంతా ఒక హాల్లో చేరి పన్నులు, రోడ్లు, బడుల సంగతి చేతులెత్తి తేల్చేవారు. అంత జనం ఒకచోట పట్టరు, పట్టినా పని జరగదు. 1822లో మేయరు, ఎనిమిది మంది ఆల్డర్‌మెన్ (నగర పాలక సభ్యులు), 48 మంది సభ్యుల కౌన్సిల్‌తో కొత్త ఏర్పాటు వచ్చింది. ఆ చార్టర్ ముసాయిదా షా చేతిదే. ముందు నమూనాలు దాదాపు లేని పని అది. అవసరం ఏమిటో చూసి, దానికి తగ్గ నియమాన్ని సున్నా నుంచి రాయడం ఆయనకు అక్కడే అలవాటైంది. తర్వాత కోర్టులోనూ ఆ అలవాటు పోలేదు.

1830లో చీఫ్ జస్టిస్ ఐజాక్ పార్కర్ చనిపోయారు. గవర్నర్ లెవీ లింకన్ ఆ పదవికి షాను అడిగారు. ఆయన వెనకాడారు, కారణం కూడా చిన్నదేం కాదు. లాయరుగా ఏడాదికి 15 వేల డాలర్లకు పైగా వస్తోంది. చీఫ్ జస్టిస్ జీతం 3,500. చివరికి అప్పట్లో దేశమంతా పేరున్న డేనియల్ వెబ్‌స్టర్ ఆయన వెంటపడి ఒప్పించారు. మసాచుసెట్స్‌లో జడ్జీలకు ఎన్నికలు లేవు, మంచి నడవడి ఉన్నంతకాలం పదవి ఉండేది. ఆ తర్వాతి దశాబ్దాల్లో చాలా రాష్ట్రాలు జడ్జీలను ఓట్లతో ఎన్నుకోవడం మొదలుపెట్టినా ఇక్కడ ఆ గాలి సోకలేదు. 1853లో జడ్జీల పదవికి పదేళ్ల గడువు పెట్టాలని ఒక ప్రతిపాదన వస్తే ఓటర్లే తిప్పికొట్టారు. జనం ఏమనుకుంటారో అన్న టెన్షన్ లేకుండా ముప్పయ్యేళ్లు తీర్పులు చెప్పగలిగిన వెసులుబాటు అలా దొరికింది.

మనిషి భారీకాయుడు, మొహం మోటు, మాట నిదానం. బోస్టన్ లాయర్ రూఫస్ చోట్ ఆయన గురించి అన్నారని ఒక కథ చెబుతారు. హిందూ భక్తుడు విగ్రహం ముందు నిలబడినప్పుడు ఎలా ఉంటుందో షా ముందు తనకూ అలాగే ఉంటుందట. రూపం వికారమని తెలుసు, గొప్పతనం మాత్రం తెలిసొస్తుంది అని. ఆ పోలికలో షా గొప్పతనం సంగతి అటుంచితే, మన దేవుళ్ల గురించి నాటి బోస్టన్‌కు ఎంత తెలుసో బయటపడింది.

ఇక 1842. మసాచుసెట్స్ తీర్పుల సంపుటాల్లో ఒకదానిలో, కొన్ని పేజీల తేడాతో, షా రాసిన రెండు ప్రసిద్ధ తీర్పులు కనిపిస్తాయి. మొదటిది ఫార్వెల్ కేసు.

నికొలస్ ఫార్వెల్ బోస్టన్-వుస్టర్ రైల్వే కంపెనీలో ముందు మెకానిక్‌గా చేసి, తర్వాత ఇంజిన్ డ్రైవరయ్యాడు. రోజుకు 2 డాలర్లు కూలి, మెకానిక్‌గా వచ్చిన దాని కన్నా ఎక్కువే. 1837 అక్టోబర్ 30న న్యూటన్ దగ్గర అదే కంపెనీకి చెందిన పాయింట్స్‌మన్ ట్రాక్ మార్చే పాయింటును సరిగా పెట్టలేదు. ఇంజిన్ పట్టాలు తప్పింది. కింద పడ్డ ఫార్వెల్ కుడిచేతి మీదుగా ఒక పెట్టె చక్రం వెళ్లింది. చెయ్యి నుజ్జయిపోయింది. ఆయన కంపెనీ మీద దావా వేశాడు.

అదే రైల్లో ప్రయాణికుడి చెయ్యి పోయి ఉంటే గొడవే లేదు. పనివాడి తప్పుకు యజమాని బాధ్యుడు అన్నది పాత నియమం, కంపెనీ డబ్బు కట్టేది. పనివాడి తప్పు వల్ల అదే యజమాని దగ్గరున్న ఇంకో పనివాడు దెబ్బతింటే ఏమిటి? అమెరికాలో దీని మీద అంతకుముందు చెప్పుకోదగ్గది 1841 నాటి సౌత్ కరోలినా తీర్పు ఒక్కటే. ఇంగ్లండ్‌లో 1837లో ఒక కసాయి బండి బోల్తా కేసు ఉంది. అంతకు మించి దారి చూపేవి లేవు. షా దాన్ని లోటుగా భావించలేదు. న్యాయంతో పాటు ప్రజా విధానం, అందరి సౌకర్యం చూసి నియమం తేల్చాలని తీర్పులోనే రాశారు. చట్టసభ కమిటీ నివేదికలో ఉండాల్సిన భాష అది.

ఆయన వాదన ఇలా సాగింది. పనిలో చేరేటప్పుడే మనిషికి ప్రమాదాలు తెలుసు. తోటివాళ్ల అజాగ్రత్త కూడా అలాంటి ప్రమాదాల్లో ఒకటి. దానికి తగ్గట్టే కూలి ఎక్కువ ఇస్తారు. పైగా పనివాళ్లు ఒకరినొకరు కనిపెట్టుకుని ఉండగలరు, తప్పు చేసేవాడి గురించి చెప్పగలరు, అవసరమైతే పని మానేయగలరు. నష్టం తోటివాళ్లే భరించాలంటే అందరూ జాగ్రత్తగా ఉంటారు. కాబట్టి కంపెనీ బాధ్యత లేదు.

ఫార్వెల్ లాయర్ చార్లెస్ లోరింగ్ ముందే చెప్పారు, ఇంజిన్‌లో ఉన్నవాడు పాయింటు దగ్గరున్న వాడిని ఎలా కనిపెడతాడు, ఇద్దరివీ వేర్వేరు విభాగాలు కదా అని. విభాగాల మధ్య గీత గీయడం కష్టమని షా ఆ మాటను తోసేశారు. తీర్పు మొత్తంలో బలహీనమైన చోటు ఇదే. పరుగెత్తే రైలు మీద నిలబడ్డ డ్రైవర్ మైళ్ల అవతల ఉన్న పాయింట్స్‌మన్ నడవడిని సరిదిద్దగలడని అనుకుంటే తప్ప ఆ వాదన నిలవదు. ఎక్కువ కూలిలోనే చేతి ఖరీదు కలిసి ఉందన్న లెక్క కూడా రెండు డాలర్లకు మించి బరువు మోయలేదు. రైల్వేలు అప్పుడే మొలకెత్తుతున్న పరిశ్రమ, పెట్టుబడి పెట్టేవాళ్లను బెదరగొట్టకూడదన్న ఆలోచన ఈ తీర్పు వెనక ఉందని చాలామంది చరిత్రకారులు రాశారు. షా ఆ మాట ఎక్కడా అనలేదు, ఫలితం మాత్రం అలాగే వచ్చింది.

ఆ నియమం అట్లాంటిక్ కూడా దాటింది. 1858లో స్కాట్లండ్ బొగ్గు గనుల కేసులో బ్రిటన్‌లోని హౌస్ ఆఫ్ లార్డ్స్ షా తీర్పును మెచ్చుకుని ఆసరాగా తీసుకుంది. ఆ కేసుల సంపుటంలో షా తీర్పును అచ్చు వేశారు కూడా. బ్రిటిష్ న్యాయంతో పాటు ఈ ‘కామన్ ఎంప్లాయ్‌మెంట్’ వాదన మన దేశపు యజమానులకూ అందింది. దాన్ని ఇక్కడ తీసేయడానికి 1938లో ఎంప్లాయర్స్ లయబిలిటీ చట్టం తేవాల్సి వచ్చింది. మసాచుసెట్స్ కార్మికులు అంతకు ముందే, 1911లో, ప్రమాద పరిహార చట్టం సాధించుకున్నారు. అప్పటికి ఫార్వెల్ తీర్పు వచ్చి దాదాపు డెబ్బై ఏళ్లు.

రెండో తీర్పు హంట్ కేసుది. బోస్టన్‌లో బూట్లు కుట్టే కూలి పనివాళ్లు ఒక సంఘం పెట్టుకున్నారు. సంఘంలో లేనివాణ్ని పనిలో పెట్టుకున్న యజమాని దగ్గర తాము పనిచేయకూడదన్నది వాళ్ల కట్టుబాటు. జెరమయా హోర్న్ అనే పనివాడు సంఘం వేసిన జరిమానా కట్టలేదు, సంఘం పట్టుబట్టడంతో యజమాని అతన్ని తీసేశాడు. హంట్ సహా సంఘం మనుషులు ఏడుగురి మీద కుట్ర కేసు పడింది. 1840లో బోస్టన్ మునిసిపల్ కోర్టులో జడ్జి పీటర్ థాచర్ సంఘానికి వ్యతిరేకంగా గట్టిగా చెప్పాక జ్యూరీ దోషులని తేల్చింది. ఇంగ్లండ్ నుంచి వచ్చిన పాత కామన్ లా (చట్టసభ రాయకుండా కోర్టు తీర్పుల మీద పెరిగిన చట్టం) ప్రకారం కూలి పెంచమని జట్టు కట్టడమే కుట్ర కిందకు వస్తుందని అప్పటి వరకు చాలా కోర్టులు చెబుతూ వచ్చాయి. 1806లో ఫిలడెల్ఫియాలో చెప్పులు కుట్టేవాళ్లకు శిక్ష పడింది కూడా అలాగే.

షా ఆ శిక్షను కొట్టేశారు. జట్టు కట్టడం తనంతట తాను నేరం కాదు, ఉద్దేశం గానీ వాడిన మార్గం గానీ చట్టవిరుద్ధం కావాలి అన్నారు. తీర్పులో ఆయన ఇచ్చిన ఉదాహరణలు బాగుంటాయి. తాగుడు వల్ల నష్టం చూసి కొందరు పనివాళ్లు, సారా తాగేవాణ్ని పెట్టుకున్న షాపులో పనిచేయం అని ఒప్పందం చేసుకుంటే అది నేరమా? ఊళ్లో ఒక్కడే బేకరీ పెట్టి రొట్టె ధర ఎక్కువ చెబుతుంటే, తగ్గించకపోతే ఇంకో రొట్టెలవాణ్ని తెచ్చుకుంటాం అని ఊరివాళ్లు అంటే నేరమా? వాడికి నష్టమే, కానీ ఊరికి మేలు. సంఘం కూడా అంతే, దాని బలాన్ని మంచికీ వాడొచ్చు, చెడుకీ వాడొచ్చు. పోటీ మీద షాకున్న నమ్మకం ఇక్కడ కార్మికుడికి కలిసొచ్చింది. ఫార్వెల్‌ను ముంచింది కూడా ఆ నమ్మకమే. తన శ్రమను తానే బేరమాడుకోగల స్వతంత్రుడిగా రెండు చోట్లా పనివాణ్ని చూశారు. ఒకడికి అది సంఘం పెట్టుకునే హక్కయింది, ఇంకొకడికి పోయిన చెయ్యి బేరంలో భాగమైపోయింది.

ఖాళీ ఉన్నచోట నియమం రాయడానికి షా జంకని సందర్భాలు ఇంకా ఉన్నాయి. 1850 నాటి బ్రౌన్-కెండాల్ కేసు రెండు కుక్కల కొట్లాటతో మొదలైంది. వాటిని విడదీయడానికి కెండాల్ నాలుగడుగుల కర్ర ఎత్తి వెనక్కి జరుగుతుంటే అది వెనకున్న బ్రౌన్ కంట్లో తగిలింది. తప్పు ఉంటేనే బాధ్యత, దాన్ని నిరూపించాల్సింది దెబ్బతిన్నవాడే అన్నారు షా. ఈనాటికీ అమెరికా లా కాలేజీల్లో నిర్లక్ష్యం మీద పాఠం ఇక్కణ్నించే మొదలుపెడతారు. 1851లో సైరస్ ఆల్జర్ అనే వ్యాపారి తన సొంత భూమిలోనే, కానీ చట్టసభ గీసిన హార్బర్ గీత దాటి జెట్టీ కట్టినప్పుడు, సొంత ఆస్తైనా అందరి మేలు కోసం ప్రభుత్వం హద్దులు పెట్టొచ్చని రాశారు. ఆస్తి విషయంలో ఇలాంటి మాట అప్పట్లో సాహసమే.

హార్వర్డ్ ప్రొఫెసర్ జాన్ వెబ్‌స్టర్ నిందితుడైన హత్య కేసు ప్రస్తావన లేకపోతే షా కథ పూర్తి కాదు. 1849 నవంబర్‌లో బోస్టన్ ధనికుడు జార్జ్ పార్క్‌మన్ మాయమయ్యాడు. మెడికల్ కాలేజీ భవనాన్ని చూసుకునే ఉద్యోగి గోడ తవ్వి చూస్తే శరీర భాగాలు దొరికాయి. కట్టుడు పళ్లను బట్టి అవి ఎవరివో డెంటిస్ట్ గుర్తుపట్టాడు. కళ్లారా చూసిన సాక్షి లేడు. 1850 మార్చిలో విచారణ చివర్లో జ్యూరీకి షా ‘సహేతుకమైన సందేహం’ అంటే ఏమిటో వివరించారు. ఊహించగల ప్రతి అనుమానమూ సందేహం కాదు, సాక్ష్యమంతా తూచి చూశాక కూడా మనసుకు నైతిక నిశ్చయం కలగకపోతేనే అది సందేహం అన్నది సారాంశం. ఆ మాటలు కాలిఫోర్నియా జ్యూరీలకు 20వ శతాబ్దం చివరిదాకా దాదాపు యథాతథంగా వినిపించారు. 1994లో అమెరికా సుప్రీంకోర్టు వాటిని సమర్థిస్తూనే, పాతబడ్డ భాష అని కాస్త మూతి విరిచింది. వెబ్‌స్టర్‌ను 1850 ఆగస్టు 30న ఉరి తీశారు.

బానిసత్వం దగ్గరికి వచ్చేసరికి గీత వేరే చోట పడుతుంది. 1836లో న్యూ ఆర్లీన్స్ నుంచి మేరీ స్లేటర్ అనే ఆవిడ బోస్టన్‌లోని పుట్టింటికి వస్తూ మెడ్ అనే ఆరేళ్ల బానిస పాపను వెంట తెచ్చింది. బానిసత్వ వ్యతిరేక మహిళల సంఘం కోర్టుకెక్కింది. బానిసత్వం సహజ న్యాయానికి విరుద్ధం, దాన్ని అనుమతించే స్థానిక చట్టం ఉన్నచోటే అది బతుకుతుంది, ఆ చట్టం యజమాని వెంట మసాచుసెట్స్‌కు రాదు అని షా తేల్చారు. మెడ్ స్వేచ్ఛ పొందింది. ఉత్తరాది రాష్ట్రాలు చాలా ఈ దారే పట్టాయి. అయితే తీర్పులో ఒక జాగ్రత్త ఉంది. యజమాని తెచ్చిన బానిస సంగతి వేరు, తనంతట తాను పారిపోయి వచ్చిన బానిస సంగతి వేరు. రెండోవాణ్ని తిరిగి అప్పగించాలని దేశ రాజ్యాంగమే చెబుతోంది.

ఆ జాగ్రత్త ఖరీదు 1842లో జార్జ్ లాటిమర్‌కు, 1851లో థామస్ సిమ్స్‌కు తెలిసొచ్చింది. వర్జీనియా నుంచి పారిపోయి వచ్చిన లాటిమర్‌ను విడిపించడానికి షా ఒప్పుకోలేదు. జనం ఊరుకోలేదు. 400 డాలర్లు పోగేసి ఆయన్ను కొని విడిపించారు, 60 వేలకు పైగా సంతకాలతో చట్టసభకు అర్జీ పెట్టారు. 1843లో రాష్ట్ర అధికారులు, జైళ్లు ఇలాంటి పనికి సాయపడకూడదని చట్టం వచ్చింది. సిమ్స్ నాటికి పారిపోయిన బానిసల అప్పగింత మీద 1850లో వచ్చిన ఫెడరల్ చట్టం ఇంకా కఠినంగా ఉంది. అంతకు రెండు నెలల ముందు షాడ్రాక్ మింకిన్స్ అనే మరో బానిసను జనం కోర్టు గదిలోంచే ఎత్తుకుపోయారు కాబట్టి, ఈసారి అధికారులు కోర్టు భవనం చుట్టూ ఇనప గొలుసులు బిగించారు. లోపలికి వెళ్లాలంటే గొలుసు కింద నుంచి వంగి దూరాల్సిందే. డెబ్బై ఏళ్ల చీఫ్ జస్టిస్ కూడా అలాగే వంగి వెళ్లారు. బానిసత్వాన్ని వ్యతిరేకించేవాళ్లు దాన్ని చాలాకాలం మర్చిపోలేదు. సిమ్స్ తరఫున వాదించిన వాళ్లలో హంట్ కేసు గెలిచిన రాబర్ట్ రాంటూల్ కూడా ఉన్నారు. ఈసారి ఆయన మాట నెగ్గలేదు. రాష్ట్రాలన్నీ కలిసి దేశంగా ఏర్పడేటప్పుడు చేసుకున్న ఒప్పందం ఇది, మా ఇష్టాయిష్టాలతో పనిలేదు అన్నారు షా. తెల్లవారకముందే వందలమంది సాయుధుల మధ్య సిమ్స్‌ను ఓడ ఎక్కించారు. జార్జియాలోని సవానాలో బహిరంగంగా కొరడా దెబ్బలు కొట్టారు.

ఇక్కడ షాను సమర్థించేవాళ్ల మాటలో బలం ఉంది. రాజ్యాంగంలో ఆ నిబంధన నిజంగానే ఉంది, 1842లో సుప్రీంకోర్టు బానిసల అప్పగింత మీదున్న పాత ఫెడరల్ చట్టాన్ని సమర్థించింది. చేతులు కట్టేసి ఉన్నాయన్నది పూర్తిగా సాకు కాదు. రాబర్ట్స్ కేసులో మాత్రం ఆ సాకు కూడా దొరకదు.

సారా రాబర్ట్స్ బోస్టన్‌లో ఐదేళ్ల నల్లజాతి పాప. ఇంటికి 900 అడుగుల్లో ఒక బడి ఉంది. నల్లపిల్లలకు కేటాయించిన స్మిత్ స్కూల్ 2,100 అడుగుల దూరం, దారిలో తెల్లపిల్లల బడులు ఐదు. తండ్రి బెంజమిన్ కేసు వేశారు. చార్లెస్ సమ్నర్, దేశంలోని తొలి నల్లజాతి లాయర్లలో ఒకరైన రాబర్ట్ మోరిస్ వాదించారు. ఏ రాష్ట్ర చట్టమూ పిల్లల్ని రంగును బట్టి విడదీయమనలేదు. రాష్ట్ర రాజ్యాంగం మనుషులంతా పుట్టుకతో స్వతంత్రులు, సమానులు అంటోంది. ఫార్వెల్ కేసులో ఉన్నంత ఖాళీ ఇక్కడా ఉంది, నియమం రాయడానికి అంతే వీలు ఉంది. 1850లో షా రాసింది వేరు. బడుల్ని ఎలా నడపాలో స్కూల్ కమిటీ ఇష్టం, ఆ నిర్ణయం సమంజసంగానే ఉంది, దురభిమానం ఉంటే గింటే అది చట్టం పుట్టించింది కాదు, బహుశా చట్టంతో పోయేదీ కాదు అన్నారు.

పనివాళ్ల అజాగ్రత్తను నియమంతో మార్చగలమని నమ్మిన జడ్జి, జాతి విషయంలో చట్టానికి మనుషుల్ని మార్చే శక్తి లేదన్నారు. రెండు తీర్పులకూ మధ్య ఎనిమిదేళ్లే తేడా. గీత చట్టంలో లేదు, షా మనసులోనే ఉంది. ఆస్తి, వ్యాపారం, ప్రమాదం వీటి దగ్గర ఆయన శాసనకర్త. సామాజిక శాంతిని కదిలించే విషయం దగ్గర ఉన్నదాన్ని కాపాడే గుమాస్తా. 1838లో అబ్నర్ నీలాండ్ దైవదూషణ శిక్షను ఆయన సమర్థించడమూ ఈ కోవలోకే వస్తుంది. ఆ కేసులో జస్టిస్ మార్కస్ మోర్టన్ విభేదించారు.

రాబర్ట్స్ తీర్పును సరిచేసే పని చట్టసభే చేసింది. 1855లో మసాచుసెట్స్ బడుల్లో జాతి వివక్షను నిషేధించింది. తీర్పు మాత్రం సొంత రాష్ట్రంలో చచ్చినా బయట బతికింది. 1896లో ప్లెసీ కేసులో సుప్రీంకోర్టు ‘వేరైనా సమానమే’ అన్న సిద్ధాంతానికి ముద్ర వేసినప్పుడు షా తీర్పును ఎత్తి చూపింది. దాన్ని కొట్టేయడానికి 1954 దాకా ఆగాల్సి వచ్చింది.

ఇంట్లో షా ఉదారంగానే ఉండేవారు. కూతురు ఎలిజబెత్‌ను 1847లో పెళ్లి చేసుకున్న నవలా రచయిత హెర్మన్ మెల్విల్‌కు అప్పులు ఎక్కువ, అమ్మకాలు తక్కువ. మామగారు ఇచ్చిన డబ్బుతోనే ఆ కుటుంబం చాలాసార్లు గట్టెక్కింది.

షా 1860 ఆగస్టులో పదవి వదిలేశారు. అబ్రహాం లింకన్ అధ్యక్షుడిగా ఎన్నికై, దక్షిణాది రాష్ట్రాలు విడిపోతామంటున్న ఆ డిసెంబర్‌లో, బానిసల్ని పట్టి ఇవ్వడానికి అడ్డుపడుతున్న రాష్ట్ర చట్టాలను రద్దు చేయమని మసాచుసెట్స్ ప్రజలకు, చట్టసభకు ఒక విజ్ఞప్తి వెలువడింది. దాని మీద సంతకాలు చేసిన ప్రముఖుల్లో షా ఒకరు. లాటిమర్ కేసు తర్వాత జనం వేల సంతకాలతో ఏ చట్టసభ తలుపు తట్టారో, ఇప్పుడు మాజీ చీఫ్ జస్టిస్ కూడా దాని గుమ్మం దగ్గరికే వచ్చారు, ఎదురు కోరికతో. 1861 మార్చి 30న ఆయన చనిపోయారు. రెండు వారాలు తిరక్కుండానే ఫోర్ట్ సమ్టర్ మీద ఫిరంగులు పేలి అంతర్యుద్ధం మొదలైంది.